ఇథియోపియా: కొద్ది నిమిషాల చిత్రం వెనుక ఉన్న దేశం

ఆఫ్రికా ఖండపు తూర్పు భాగాన ఉన్న ఇథియోపియాను గురించి పది, పదిహేను నిమిషాల యాత్రా చిత్రాలు టెలివిజనులోను, చేతిలోని ఫోనులోను తరచుగా కనబడుతుంటాయి. వాటి వరుస దాదాపు ఒక్కటే. మబ్బులకు పైన నిలిచిన కొండ అంచు, ఒకే రాతిలో తొలిచిన ఆలయం, ఉప్పు పలకలు మోసే ఒంటెల బారు, కింది పెదవిలో మట్టి బిళ్ల ధరించిన స్త్రీ, చివరకు నిప్పులపై వేగుతున్న కాఫీ గింజలు. అన్నీ చూడముచ్చటైనవే. కాని మన ఊళ్లలో యాభై ఏళ్లు దాటిన వారికి ఆ దేశం పేరు వినగానే ముందుగా మెదిలేది వేరొక దృశ్యం. 1984 నాటి కరువులో ఎముకల గూళ్లుగా మారిన పసిబిడ్డల దృశ్యం అది. ఇంత పచ్చని నేల ఆకలికి మారుపేరు ఎట్లా అయినది? ఆ ముద్ర వేసినవి కూడా కొద్ది నిమిషాల చిత్రాలే కావడం గమనించదగిన విషయం.

ఇటువంటి చిత్రాలలో కనబడే ప్రకృతిని, జనజీవనాన్ని ఒక్కొక్కటిగా తీసుకొని, వాటి వెనుక ఉన్న సంగతులను వివరించడం ఈ వ్యాసం ఉద్దేశం. కోలారు, హోసూరు, రాయగడ, సిరొంచ ప్రాంతాల రైతు కుటుంబాలకు ఆ నేలతో వేల ఏళ్ల నాటి సంబంధం ఒకటి కలదు. అది మన చేలలోనే, మన పళ్లెంలోనే ఉన్నది.

దేశ స్వరూపం

ఇథియోపియా విస్తీర్ణం సుమారు 11 లక్షల చదరపు కిలోమీటర్లు. అంటే భారతదేశంలో మూడవ వంతు. జనాభా 12 కోట్లకు పైబడినది. ఆఫ్రికాలో నైజీరియా తరువాత ఇంత జనసంఖ్య గల దేశం మరొకటి లేదు. 1993లో ఎరిట్రియా విడిపోయి స్వతంత్ర దేశమైన నాటి నుంచి దీనికి సముద్రతీరం లేదు.

దేశంలో అధిక భాగం ఎత్తైన పీఠభూమి. తూర్పు ఆఫ్రికాను నిలువునా చీల్చుకుంటూ పోయే మహా పగులు లోయ ఈ పీఠభూమిని రెండుగా విడదీస్తున్నది. రాజధాని అడిస్ అబాబా సముద్రమట్టానికి 2,300 మీటర్ల ఎత్తున, ఉదకమండలం కన్నా పైన ఉన్నది. అందువలన భూమధ్యరేఖకు చేరువలో ఉన్నప్పటికీ ఆ నగరంలో ఎండాకాలపు వడగాలి ఎరుగరు. 1886లో వెలసిన ఆ నగరం పేరుకు అమ్హారిక్ భాషలో ‘కొత్త పువ్వు’ అని అర్థం. ఆఫ్రికా ఐక్యతా సంస్థ 1963లో అక్కడే ఏర్పడినది. దాని వారసత్వంగా వచ్చిన ఆఫ్రికా సమాఖ్యకు కూడా ఆ నగరమే కేంద్రం.

ఐరోపా దేశాలు ఆఫ్రికా ఖండాన్ని పంచుకొంటున్న రోజులలో, 1896 మార్చి 1న, అద్వా అనే చోట రెండవ మెనెలిక్ చక్రవర్తి సేనలు ఇటలీ సైన్యాన్ని ఓడించాయి. తరువాత 1936 నుంచి 1941 వరకు ఐదేళ్లు ఇటలీ ఆక్రమణలో ఉన్నప్పటికీ, ఆ దేశం దీర్ఘకాలం వలసపాలన కింద ఎన్నడూ లేదు. పరభాషను పాలకభాషగా నెత్తిన పెట్టుకోవలసిన అవసరం రాకపోవడానికి ఇదే కారణం.

జూన్ నుంచి సెప్టెంబరు వరకు కురిసే ప్రధాన వర్షాలను అక్కడ ‘కిరెమ్త్’ అంటారు. మన నైరుతి రుతుపవనాల కాలమూ అదే. ఫిబ్రవరి నుంచి మే వరకు కొన్ని ప్రాంతాలలో కురిసే చిరు వర్షాలు ‘బెల్గ్’. ఈ రెంటిలో ఏది తప్పినా రైతుకు కష్టమే.

కరువును చూపిన రెండు చిత్రాలు

1973లో ఉత్తరాన ఉన్న వొల్లో ప్రాంతంలో కరువు వచ్చినది. అప్పటి చక్రవర్తి హైలె సెలాసీ ప్రభుత్వం దానిని కప్పిపుచ్చడానికి ప్రయత్నించినది. బ్రిటిష్ పాత్రికేయుడు జొనాథన్ డింబుల్బీ అక్కడికి వెళ్లి తీసిన చిత్రం ఆ అక్టోబరులో ప్రసారమై లోకానికి విషయం తెలిపినది. మరుసటి ఏడాది సెప్టెంబరులో సైనికులు చక్రవర్తిని గద్దె దింపడానికి ముందు రాత్రి, అదే చిత్రాన్ని రాజభవనపు విందుల దృశ్యాలతో కలిపి ఆ దేశపు టెలివిజనులో చూపించారు. ఒక రాజవంశపు చివరి రాత్రి ఒక కరువు చిత్రంతో ముగిసినది.

అమర్త్య సేన్ 1981లో ప్రచురించిన పేదరికం, కరువులను గురించిన గ్రంథంలో 1943 నాటి బెంగాల్ కరువుతో పాటు ఈ వొల్లో కరువును కూడా పరిశీలించారు. దేశం మొత్తం మీద ఆ ఏడాది ఆహారపు పంట పెద్దగా తగ్గలేదని ఆయన చూపారు. వొల్లో రైతుకు పంట పోయినది. పంటతో పాటే కొనే శక్తి పోయినది. కొనేవారు లేనిచోట ధాన్యం నిలవదు. కనుక ఆకలితో ఉన్న వొల్లో నుంచే కొంత ధాన్యం రాజధాని వైపు తరలిపోయినది.

రెండవ చిత్రం 1984 అక్టోబరు 23న బీబీసీలో ప్రసారమైనది. కోరెమ్ అనే ఉత్తరాది పట్టణం వెలుపల సహాయ శిబిరంలో నైరోబీకి చెందిన ఛాయాగ్రాహకుడు మొహమ్మద్ అమీన్ చిత్రీకరించగా, మైకేల్ బర్క్ వ్యాఖ్యానం చెప్పారు. కొద్ది నిమిషాల ఆ వార్తాచిత్రాన్ని వందలాది టెలివిజను సంస్థలు ప్రపంచమంతటా చూపించాయి. మరుసటి ఏడాది జూలై 13న లండను, ఫిలడెల్ఫియా నగరాలలో జరిగిన ‘లైవ్ ఎయిడ్’ సంగీత ప్రదర్శనకు మూలం అదే. ఆ కరువులో నాలుగు లక్షల నుంచి పది లక్షల మంది వరకు మరణించారని వేర్వేరు అంచనాలు కలవు.

ఆ చిత్రాలు ప్రాణాలు కాపాడాయి. అందులో సందేహం లేదు. అయితే అవి వర్షం లేని ఆకాశాన్ని చూపినంతగా యుద్ధాన్ని చూపలేదు. అప్పటి సైనిక ప్రభుత్వం తిగ్రాయ్, ఎరిట్రియా తిరుగుబాటుదారులతో పోరాడుతూ సంతలపై బాంబులు వేసినది. తిరుగుబాటుదారుల ప్రాంతాలకు తిండిగింజలు చేరకుండా అడ్డుకొన్నది. లక్షల మందిని బలవంతంగా దక్షిణ ప్రాంతాలకు తరలించినది. బిడ్డలు చనిపోతున్న ఆ సెప్టెంబరులోనే విప్లవ దశమ వార్షికోత్సవాన్ని ఆడంబరంగా జరుపుకొన్నది. కరువుకు నిప్పు అనావృష్టి అయితే, దానికి గాలి వీచినది పాలకుల యుద్ధం.

ఈ మాటకు తరువాతి చరిత్రే సాక్ష్యం. 2015లో ఎల్ నీన్యో వలన వచ్చిన అనావృష్టి కొన్ని దశాబ్దాలలో ఎరుగనంత తీవ్రమైనది. కోటి మందికి పైగా సహాయం అవసరమైనది. కాని 1984 నాటి చావులు పునరావృతం కాలేదు. అప్పటికి దేశంలో శాంతి ఉన్నది, రోడ్లు ఉన్నవి. చెరువు పనులు, గట్టు పనులు చేసిన పేద కుటుంబాలకు గింజలో, డబ్బో ఇచ్చే పథకం 2005 నుంచే నడుస్తున్నది. మన దేశంలో గ్రామీణ ఉపాధి హామీ చట్టం వచ్చినదీ అదే సంవత్సరం. అటు తరువాత 2020 నవంబరు నుంచి 2022 నవంబరు వరకు తిగ్రాయ్‌లో యుద్ధం జరిగి, సహాయపు లారీలు ఆగిపోయినప్పుడు, అదే తిగ్రాయ్‌లో ఆకలి చావులు మళ్లీ కనబడ్డాయి.

మన చేలలో ఆ నేల పంటలు

ఆకలి దేశమని పేరు పడిన ఈ దేశమే మనకు అన్నం పెట్టిన దేశం కూడా. రాయలసీమలోను, కోలారు, హోసూరు వైపున రాగులు అని, ఉత్తరాంధ్రలోను, దాని నానుకొన్న ఒడిశా పల్లెలలోను చోళ్లు, చోడి అని, తెలంగాణ వైపు తైదలు అని మనం పిలిచే పంటకు పుట్టినిల్లు ఇథియోపియా, ఉగాండా దేశాల ఎత్తైన నేలలు. సుమారు 5,000 ఏళ్ల క్రితం అక్కడి రైతులు అడవి గడ్డి నుంచి ఎంచి సాగులోకి తెచ్చిన ఈ గింజ, సముద్రం దాటి వేల సంవత్సరాల క్రితమే మన దక్కను మెట్టపొలాలకు చేరినది. అమ్హారిక్ భాషలో దీని పేరు ‘దాగుసా’. మనం సంకటిగా, ముద్దగా, అంబలిగా చేసుకొనే ఈ గింజతో వారు రొట్టె చేస్తారు, ‘తెల్లా’ అనే ఇంటి బీరు చేస్తారు. భారతదేశం ప్రతిపాదన మీద ఐక్యరాజ్యసమితి 2023ను అంతర్జాతీయ చిరుధాన్యాల సంవత్సరంగా ప్రకటించినప్పుడు మన రాగులకు దక్కిన గౌరవంలో ఆ కొండ రైతులకు కూడా భాగం ఉన్నది.

అరకు, కోరాపుట్ కొండలలో వాన వెలిసిన తరువాత పచ్చని చాప పరచినట్లు పూసే ఒలిసెలు (వెర్రి నువ్వులు) కూడా ఇథియోపియా పంటే. అక్కడ దీనిని ‘నూగ్’ అంటారు. ఆ దేశపు వంటలలో చిరకాలంగా వాడే నూనె దీనిదే. జొన్న పుట్టిన చోటు కూడా దూరం కాదు. పొరుగున ఉన్న సూడాను తూర్పు భాగంలో దాని తొలి సాగు ఆనవాళ్లు దొరికాయి.

కాఫీ సంగతి సరేసరి. అరబికా జాతి కాఫీ చెట్టు ఇథియోపియా నైరుతి అడవులలో నేటికీ తనంత తాను మొలుస్తున్నది. అక్కడి నుంచి ఎర్ర సముద్రం దాటి యెమెన్ చేరి తోటపంట అయినది. యెమెన్ నుంచి బాబా బుడన్ అనే సూఫీ ఫకీరు ఏడు గింజలు తెచ్చి చిక్కమగళూరు కొండలలో నాటారని కర్ణాటకలో ప్రసిద్ధమైన ఐతిహ్యం. ఆ కొండలకు నేటికీ ఆయన పేరే. నేడు అరకు, కోరాపుట్ గిరిజన రైతులు పండించే కాఫీ కూడా ఆ వంశంలోనిదే.

పంటలకు పుట్టినిల్లయిన చోట వందల రకాల విత్తనాలు ఉంటాయి. చీడను తట్టుకొనేది ఒకటి, వాన లేకున్నా నిలిచేది ఒకటి. అందుకే అడిస్ అబాబాలో 1976లో ఆఫ్రికా ఖండానికే తొలి తరం విత్తన నిధులలో ఒకటి స్థాపించారు. 1984 కరువులో రైతులు విత్తనపు గింజలను సైతం తిని బతకవలసి వచ్చినప్పుడు ఆ నిధి విలువ ఏమిటో లోకానికి తెలిసినది.

భోజనం, కాఫీ మర్యాద

చిత్రాలలో పెద్ద పళ్లెం నిండా పరచిన బూడిద రంగు దోసె వంటిది కనబడుతుంది. అది ‘ఇంజెరా’. టెఫ్ అనే గింజ పిండితో చేస్తారు. ఆవగింజ కన్నా చిన్నదైన ఆ గింజను ఇథియోపియా, ఎరిట్రియాలలో తప్ప మరెక్కడా ప్రధానాహారంగా వాడరు. పిండిని రెండు మూడు రోజులు పులియబెట్టి, వెడల్పాటి మట్టి పెనం మీద ఒకవైపే కాలుస్తారు. పైన ఏర్పడే కన్నాలను వారు కూడా ‘కళ్లు’ అనే అంటారు. కళ్లు నిండుగా ఉంటేనే ఇంజెరా బాగా కుదిరినట్లు. దాని మీద ‘వొత్’ అనే కారపు కూర, సెనగ లేదా చిక్కుడు పిండితో ఉడికించిన ‘షిరో’ వడ్డిస్తారు. అందరూ ఒకే పళ్లెం చుట్టూ కూర్చుండి కుడిచేతితో తింటారు. ప్రేమ, గౌరవం చూపడానికి ఒకరి నోటికి మరొకరు ముద్ద అందించడాన్ని ‘గుర్షా’ అంటారు. గోరుముద్దలు తిని పెరిగిన మనకు దానిని వేరుగా వివరించనక్కరలేదు.

అక్కడి ప్రాచీన క్రైస్తవ సంప్రదాయాన్ని పాటించేవారు బుధ, శుక్రవారాలలోను, దీర్ఘ ఉపవాస దినాలలోను మాంసం, పాలు, గుడ్లు ముట్టరు. అట్టి రోజులు ఏడాదిలో సగం దాకా ఉంటాయి. ఆ కారణంగా శాకాహారికి ఆ దేశంలో భోజనం కష్టం కాదు.

కాఫీ ఇవ్వడం ఒక మర్యాద. ఇంటి స్త్రీ నేల మీద పచ్చగడ్డి పరచి, సాంబ్రాణి వంటి ధూపం వేసి, పచ్చి గింజలు కడిగి, వేయించి, ఆ పొగను అతిథుల ముందుకు తెస్తుంది. దంచిన పొడిని ‘జెబెనా’ అనే పొడుగు మెడ మట్టికూజాలో కాచి మూడు దఫాలు పోస్తుంది. వాటికి వరుసగా అబోల్, తోనా, బెరెకా అని పేర్లు. మూడవది ఆశీర్వాదం. అది తాగకుండా లేవడం మర్యాద కాదు. చిత్రంలో అర నిమిషం పట్టే ఈ దృశ్యానికి ఇంట్లో గంటకు పైగా పడుతుంది. ఇరుగుపొరుగు తగవులు, పెళ్లి మాటలు, అప్పుల సంగతులు తేలేది ఆ గంటలోనే.

దక్షిణాన సిడామా, గురాగే ప్రాంతాలలో అరటిచెట్టును పోలిన ‘ఎన్సెట్’ పెరడు నిండా కనబడుతుంది. దానికి తినదగిన కాయ లేదు. దుంపను, కాండపు పిండిని గుంటలో పులియబెట్టి రొట్టె చేస్తారు. వాన తప్పినా నిలిచే ఈ చెట్టు మీద సుమారు రెండు కోట్ల మంది ఆధారపడి ఉన్నారు. ఎన్సెట్ ఉన్న పల్లెలు కరువును తట్టుకొన్నాయి.

కొండలు, ఉప్పు ఎడారి, నైలు

మబ్బులకు పైన కనబడే కొండ అంచులు ఉత్తరాన ఉన్న సిమియెన్ పర్వతాలవి. దేశంలో ఎత్తైన శిఖరం రాస్ దాషెన్ అక్కడే ఉన్నది. దాని ఎత్తు 4,500 మీటర్లకు పైమాటే. ఎదపై ఎర్రని మచ్చతో గడ్డి మేసే గెలాడా కోతులు, వాలియా అనే కొండమేకలు ఇథియోపియాలో తప్ప లోకంలో మరెక్కడా లేవు. 1978లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరిన తొలి ప్రదేశాలలో సిమియెన్ ఒకటి.

ఈశాన్యాన దనకిల్ పల్లం ఇందుకు పూర్తిగా భిన్నం. సముద్రమట్టానికి వంద మీటర్లకు పైగా దిగువన ఉన్న ఆ నేల లోకంలోని అతి వేడి ప్రదేశాలలో ఒకటి. ఎండిన ప్రాచీన సముద్రపు ఉప్పును అఫార్ ప్రజలు పలకలుగా కోసి ఒంటెల మీద కొండలకు చేరుస్తారు. ‘అమోలె’ అనే ఆ పలకలు ఇరవయ్యవ శతాబ్దపు ఆరంభం వరకు నాణేలుగా చెల్లాయి. అదే అఫార్ సీమలో 1974 నవంబరులో దొరికిన 32 లక్షల ఏళ్ల నాటి అస్థిపంజరాన్ని లోకం ‘లూసీ’ అంటుంది. ఇథియోపియన్లు ‘దింకినెష్’, అనగా ‘నీవు అద్భుతం’ అంటారు. అక్కడి హైలీ గుబ్బీ అగ్నిపర్వతం 2025 నవంబరు 23న బద్దలై, దాని బూడిద మేఘం అరేబియా సముద్రం దాటి ఢిల్లీ ఆకాశం వరకు రావడం, విమానాలు ఆగడం పాఠకులకు గుర్తుండే ఉంటుంది.

పడమరన తానా సరస్సు నుంచి నీలి నైలు బయలుదేరుతుంది. ఈజిప్టుకు చేరే నైలు నీటిలో సుమారు 85 శాతం ఇథియోపియా కొండలలో కురిసిన వర్షమే. అయినను 1959లో ఈజిప్టు, సూడాను ఆ నీటిని ఒప్పందంతో పంచుకొన్నప్పుడు ఇథియోపియాకు వాటా మాట ఎత్తలేదు. ఎగువ రాష్ట్రం, దిగువ రాష్ట్రం అనే మాటలు విని పెరిగిన మన పల్లెలకు ఈ తగాదా వివరించనక్కరలేదు. 2011లో ఇథియోపియా ఆ నది మీద మహా పునరుజ్జీవన ఆనకట్ట ప్రారంభించినది. సామాన్యులు బాండ్లు కొని, ఉద్యోగులు జీతంలో భాగమిచ్చి దానికి సొమ్ము సమకూర్చారు. 2025 సెప్టెంబరు 9న దానిని జాతికి అంకితం చేశారు. విద్యుదుత్పత్తి సామర్థ్యం 5,150 మెగావాట్లు. జలాశయం నిల్వ 7,400 కోట్ల ఘనపు మీటర్లు, అనగా సుమారు 2,600 టీఎంసీలు. మన తుంగభద్ర జలాశయానికి ఇది ఇరవై రెట్లకు మించినది. ఈజిప్టుతో నీటి విషయమై అంగీకారం మాత్రం కుదరకుండానే ఆనకట్ట పూర్తయినది.

రాతి ఆలయాలు

లాలిబెలా పట్టణంలోని పదకొండు క్రైస్తవ ఆలయాలు ఒక్కొక్కటి ఒకే రాతిలో తొలిచినవి. వీటిని పన్నెండు, పదమూడవ శతాబ్దాలలో లాలిబెలా రాజు చేయించాడని ప్రతీతి. వాటిలో ప్రసిద్ధమైనది సిలువ ఆకారంలో నేలలోనికి దిగిన బెతె గియోర్గిస్. మహారాష్ట్రలోని ఎల్లోరా కైలాసాలయం చూసినవారికి ఆ పని తీరు సులభంగా బోధపడుతుంది. రెండు చోట్లా పునాది నుంచి పైకి కట్టలేదు. శిఖరం నుంచి కిందికి తొలుచుకుంటూ వచ్చారు. ఉలి ఒకచోట తప్పితే సరిదిద్దే వీలు లేదు. లాలిబెలా నేటికీ నిత్యం ప్రార్థన జరిగే క్షేత్రం. తెల్లని నూలు వస్త్రం కప్పుకొని కాలినడకన వచ్చే యాత్రికులే దానికి ప్రాణం.

అంతకు పూర్వం ఆక్సుమ్ రాజ్యం ఎర్ర సముద్రపు వ్యాపారాన్ని ఏలినది. నాలుగవ శతాబ్దంలో ఎజానా రాజు క్రైస్తవం స్వీకరించాడు. ఆ రాజ్యపు ఎత్తైన శిలాస్తంభాలలో ఒకదానిని ఇటలీ 1937లో రోముకు తరలించినది. 2005లో అది తిరిగి వచ్చి, 2008లో తన చోట నిలిచినది. తిగ్రాయ్‌లోని దెబ్రె దామో మఠం వద్ద వందకు పైగా కుషాణుల బంగారు నాణేలు దొరికాయి. మన దేశంతో సాగిన వర్తకానికి అది రుజువు.

ఇస్లాముకు కూడా ఆ దేశం తొలి ఆశ్రయం. ప్రవక్త మహమ్మదు అనుచరులు మక్కాలో వేధింపులు భరించలేక ఏడవ శతాబ్దపు ఆరంభంలో వలస వెళ్లినది ఆక్సుమ్ రాజు శరణు కోరే. తూర్పున ప్రాకారాల నడుమ ఉన్న హరార్ ఇస్లామిక విద్యకు ప్రసిద్ధి పొందిన నగరం. 2007 జనగణన ప్రకారం ఆర్థడాక్సు క్రైస్తవులు 43 శాతం, ముస్లిములు 34 శాతం.

గుణింతం వంటి లిపి, పదమూడు నెలల పంచాంగం

దుకాణాల బోర్డుల మీద కనబడే లిపి పేరు ‘ఫిదెల్’. ప్రాచీన గీజ్ భాషకు ఏర్పడిన ఈ లిపిని నేడు అమ్హారిక్, తిగ్రిన్యా భాషలకు వాడుతున్నారు. మన క, కా, కి, కీ వలెనే ప్రతి హల్లుకు అచ్చు చేరినప్పుడు రూపం మారుతుంది. ఒక్కొక్క హల్లుకు ఏడు రూపాలు. మూల రూపాలు ముప్పైకి పైగా ఉండడం వలన మొత్తం పట్టిక రెండు వందలు దాటుతుంది. బడిపిల్లలు దానిని మన గుణింతాల వలెనే వరుసగా వల్లె వేస్తారు.

వారి పంచాంగంలో ముప్పై రోజుల నెలలు పన్నెండు, ఐదు లేక ఆరు రోజుల ‘పగుమె’ నెల ఒకటి. సంవత్సరపు లెక్క మన వాడుకలోని లెక్క కన్నా ఏడెనిమిది ఏళ్లు వెనుక ఉంటుంది. అందుచేత వారు రెండు వేల సంవత్సరం పండుగను 2007 సెప్టెంబరు 12న జరుపుకొన్నారు. కొత్త ఏడాది సాధారణంగా సెప్టెంబరు 11న, వానలు వెలిసి కొండలు పసుపుపచ్చని పూలు పూసే వేళకు వస్తుంది. గడియారం కూడా సూర్యోదయం నుంచే లెక్క. మనం ఉదయం ఏడు అనేది వారికి ఒంటిగంట. పొద్దు పొడుపు నుంచి ఘడియలు లెక్కించిన మన పెద్దలకు ఇది వింత కాదు.

భాషలు, రాష్ట్రాలు, సరిహద్దులు

యాత్రా చిత్రాలు దాదాపుగా తాకని విషయం ఇది. సరిహద్దు పల్లెల పాఠకులకు ఇదే ముఖ్యమైనది.

ఇథియోపియాలో ఎనభైకి పైగా భాషలు కలవు. ఎక్కువమందికి మాతృభాష ఒరోమో. చక్రవర్తుల కాలంలో బడిలోను, కచేరీలోను అమ్హారిక్ ఒక్కటే చెల్లినది. ఒరోమోలో చదువు చెప్పడానికి, అచ్చు వేయడానికి అనుమతి లేదు. 1991లో సైనిక ప్రభుత్వం కూలిన తరువాత పరిస్థితి మారినది. ప్రాథమిక విద్య మాతృభాషలో జరగాలని 1994 విద్యావిధానం నిర్ణయించినది. 1995లో అమలులోకి వచ్చిన రాజ్యాంగం అన్ని భాషలకు సమాన గుర్తింపు ఇచ్చి, ప్రధానంగా భాషాజాతుల ప్రాతిపదికన తొమ్మిది రాష్ట్రాలను ఏర్పరచినది. విడిపోయే హక్కును కూడా అందులో వ్రాసుకొన్నారు. 2020లో ఒరోమో, తిగ్రిన్యా, సొమాలీ, అఫార్ భాషలను కూడా కేంద్రపు పాలనా భాషలుగా చేయాలని ప్రభుత్వం నిర్ణయించినది. 2020, 2023 నడుమ కొత్త రాష్ట్రాలు ఏర్పడి వాటి సంఖ్య పన్నెండుకు చేరినది.

తమ భాషలో మొదటి అక్షరం దిద్దిన తరం ఒకటి అట్లా తయారైనది. ఇది గొప్ప లాభం. అయితే భాష పేరిట గీసిన గీతకు ఇరువైపులా మిగిలిపోయిన వారి గతి ఏమిటన్న ప్రశ్నకు అక్కడ మంచి జవాబు దొరకలేదు. 2018లో గెదెఓ, గుజీ ప్రజల నడుమ చెలరేగిన ఘర్షణలలో లక్షలాది మంది ఇళ్లు విడిచి పారిపోయారు. అమ్హారా, తిగ్రాయ్ రాష్ట్రాల నడుమ వొల్కాయిత్ సీమ ఎవరిదన్న వివాదం 2020 నాటి యుద్ధంలో నెత్తురు చిందించినది. 2022 నవంబరు 2న ప్రిటోరియాలో శాంతి ఒప్పందం కుదిరినప్పటికీ అక్కడి నుంచి తరిమివేయబడిన కుటుంబాలలో అనేకం శిబిరాలలోనే ఉండిపోయాయి.

మన దేశంలో 1956లో భాషాప్రయుక్త రాష్ట్రాలు ఏర్పడినప్పుడు అవతల పడిన ఊళ్లలో మనవీ ఉన్నవి. మన భాషకు బడి, పంతులు, పాఠ్యపుస్తకం కావాలని అర్జీలు వ్రాస్తూ వచ్చాం. పక్క ఇంటి కన్నడిగుడితోనో, తమిళునితోనో, ఒడియా వానితోనో పొత్తు చెడగొట్టుకోలేదు. గీత ఎక్కడ గీసినా ఏదో ఒక ఊరు అవతల పడక తప్పదు. ఆ ఊరు బడిని అడగగలిగి, భయం లేకుండా నిద్రపోగలిగితేనే భాషా రాష్ట్రం అనే ఆలోచన నిలిచినట్లు. ఇథియోపియా చరిత్ర ఈ రెంటిలో మొదటిదాని విలువను, రెండవది లేకపోతే జరిగే నష్టాన్ని ఒకే చోట చూపుతున్నది.

ఓమో లోయ

నైరుతి మూలన ఓమో నది పరిసరాలలో ముర్సీ, హమర్ మొదలైన తెగలు నివసిస్తున్నాయి. పెదవి బిళ్ల ధరించేది ముర్సీ స్త్రీలు. యువకులు వరుసగా నిలిపిన ఎడ్ల వీపులపై పరుగెత్తి పెద్దవారైనట్లు చూపుకొనేది హమర్ ఆచారం. పర్యాటకులు ఫోటోకు ఇంతని డబ్బు ఇచ్చి తీసుకొంటారు. ఆ కారణంగా బండి చప్పుడు వినగానే మామూలు రోజున లేని అలంకారం సైతం వేసుకొని నిలబడడం పరిపాటి అయినది. చిత్రంలో కనబడే అలంకారమంతా నిత్యజీవితం అనుకోరాదు.

ఆ తెగలు ఏటా వచ్చే వరద తీసిన తరువాత ఒండ్రుమట్టిలో జొన్న విత్తి బతికేవి. 2016లో పూర్తయిన గిబె మూడవ ఆనకట్ట వలన ఆ వరద ఆగిపోయినది. దిగువన చెరకు తోటలు వెలిశాయి. దేశానికి విద్యుత్తు వచ్చినది. వరద సేద్యం మీద ఆధారపడిన కుటుంబాలకు గింజ పోయినది. పెదవి బిళ్లను చూపిన ప్రతి చిత్రమూ ఈ మాట కూడా చెప్పవలసి ఉన్నది.

దక్కనులో హబ్షీలు

ఇథియోపియాకు పాత పేరు అబిసీనియా. అరబ్బులు దానిని ‘హబష్’ అన్నారు. మన దక్కనులో ‘హబ్షీ’ అనే మాట అట్లా వచ్చినదే. 1548 ప్రాంతంలో అక్కడ పుట్టి, బానిసగా చేతులు మారి దక్కను చేరిన మాలిక్ అంబర్ అహమద్‌నగరు సుల్తానుల రాజ్యానికి సర్వాధికారి అయ్యాడు. మొగలు సేనలను ఏళ్ల తరబడి నిలువరించాడు. భూమిశిస్తు పద్ధతిని సరిదిద్దాడు. 1610 ప్రాంతంలో ఖడ్కీ అనే పట్టణం నిర్మించి భూగర్భ కాలువలతో నీరు తెప్పించాడు. తరువాత ఔరంగాబాదుగా ప్రసిద్ధమైన ఆ నగరానికి 2023 నుంచి ఛత్రపతి సంభాజీనగర్ అని పేరు. మాలిక్ అంబర్ 1626లో మరణించాడు. ఎల్లోరాకు సమీపాన ఖుల్దాబాదులో ఆయన సమాధి ఉన్నది. హైదరాబాదులోని హబ్సిగూడ పేరు సైతం నిజాముల కొలువులోని హబ్షీల వలన వచ్చినదని చెబుతారు.

చిత్రం చూసేటప్పుడు

కొద్ది నిమిషాల చిత్రం ఒక దేశమంతటినీ చూపలేదు. చూసేవారు మూడు సంగతులు గమనిస్తే చాలు. మొదటిది, చిత్రీకరించిన నెల. మార్చిలో ఎండి బీటలు వారిన పొలమే సెప్టెంబరులో పసుపు పూలతో నిండి ఉంటుంది. రెండవది, ఏ ప్రాంతం, ఏ భాష. అఫార్ ఎడారిని చూసి సిడామా తోటలను ఊహించరాదు. మూడవది, మాట్లాడుతున్నది ఎవరు. కొండను, ఒంటెను చూపి అక్కడి మనిషి చేత ఒక్క మాట కూడా పలికించని చిత్రం సగం చిత్రమే.

ఆకలి దృశ్యం కనబడితే నాలుగవ ప్రశ్న కూడా వేసుకోవాలి. వర్షం రాలేదా, లేక బండి రానివ్వలేదా? 1973లోను, 1984లోను, 2021లోను అసలు సంగతి ఆ ప్రశ్నకు జవాబులోనే ఉన్నది. వానలు బాగుండి, దారులు తెరచి ఉన్న ఏడాది ఆ కొండ వాలులలో దాగుసా వెన్నులు మన రాగి వెన్నుల వలెనే, ముడిచిన చేతివేళ్ల వలె, గింజ బరువుకు వంగి ఉంటాయి.